డాసన్ల వంటిల్లు

చక్కెర డబ్బా మూత లోపల అంటించిన చీటీ ఒక మూల లేచింది. నార్మన్ హెబ్డెన్ దాన్ని గోటితో మెల్లగా ఊడదీసి, జేబులోంచి మరో చీటీ తీసి, అదే చోట పెట్టి, నాలుగు అంచులూ బొటనవేలితో అదిమాడు. 'మీ నాన్న సెలవు రోజైనా ఆరింటికే లేచేవాడు' అని ఉంది దాని మీద. నల్లటి అక్షరాలు, ఒక్కోటీ బఠాణీ గింజంత. తరవాత రొట్టెల పెట్టె. తరవాత పాలజగ్గు వెనక వైపు. తరవాత పొయ్యి పక్కన వేలాడే చేతిగుడ్డ మడత. దానికి జిగురు పట్టదు, గుండుసూది పెట్టాలి, మొన చేతికి తగలకుండా లోపలికి తిప్పాలి.

ఉదయం ఏడున్నరయింది. లీడ్స్‌లో కాలువ పక్కనున్న ఆ టెలివిజన్ స్టూడియోలోకి ఇంకా ఎవరూ రాలేదు. పైనున్న పెద్ద దీపాలు వెలిగించలేదు. ఒక మూల స్టాండు మీద పనిదీపం ఒక్కటే ఉంది. ఆ వెలుతురులో డాసన్ల వంటిల్లు మూడు గోడలతో, కప్పు లేకుండా, ఎవరో సగం కోసి వదిలేసిన కేకులా నిలబడి ఉంది. పంతొమ్మిదేళ్ళుగా ప్రతి మంగళవారం, గురువారం సాయంత్రం దేశంలో సగం ఇళ్ళవాళ్ళు ఈ వంటింట్లోకి తొంగి చూస్తున్నారు. దీన్ని గీసిందీ కట్టించిందీ నార్మన్. ధారావాహిక చివర్లో వచ్చే పేర్లలో 'కళాదర్శకత్వం' అని అతని పేరు తొమ్మిదోది. ఆ పేరు వచ్చే వేళకి జనం లేచి టీకి నీళ్ళు పెట్టుకుంటూ ఉంటారు.

అతనికి అరవై ఒకటో ఏడు. పొడుగు మనిషి. ముప్పై ఏళ్ళు గీతబల్ల మీద వంగిన వీపు నిలబడినా నిటారు కాదు. కుడిచేతి మధ్యవేలి మీద పెన్సిలు ఒరిసిన చోట చిన్న కాయ. మోచేతుల దగ్గర తోలు అతుకులేసిన గోధుమరంగు ఉన్నికోటు, దాని జేబుల్లో ఎప్పుడూ కొలబద్ద, సుద్దముక్క, జిగురు సీసా. ఎవరితోనైనా మాట్లాడేటప్పుడు అతని కళ్ళు ఒకసారి ఆ మనిషి భుజం మీదుగా వెనకున్న గోడ మీదికి వెళ్ళి తిరిగి వస్తాయి. చాలామంది దాన్ని నిర్లక్ష్యం అనుకున్నారు.

"ఇవాళ ఎన్ని?" అన్న మాట వినబడింది.

ఆల్ఫ్ లోపలికి వచ్చాడు. సెట్ సామానంతా అతని చేతిమీదుగా నడుస్తుంది. పొట్టివాడు, బట్టతల, నార్మన్ కంటే రెండేళ్ళు పెద్ద. ఆ సెట్‌లో చెంచా చోటు మారినా ఆల్ఫ్‌కి తెలుస్తుంది కాబట్టి చీటీల సంగతీ తెలుసు.

"పద్నాలుగు" అన్నాడు నార్మన్.

"వేసవిలో ఆరేగా."

నార్మన్ చేతిగుడ్డ సర్దుతూ ఉండిపోయాడు.

"నిన్ను పెట్టుకుంది గోడలు కట్టమని, గురూ. మనిషి జ్ఞాపకం కట్టమని కాదు."

"గోడలుండేది మరెందుకూ?" అన్నాడు నార్మన్.

ఆల్ఫ్ నవ్వి, పొయ్యి మీద కెటిల్ పెట్టడానికి వెళ్ళాడు. సెట్‌లో పొయ్యి నిజంగానే వెలుగుతుంది. అదీ నార్మన్ పట్టుదలే.

చీటీలు మ్యూరియల్ స్టాట్ కోసం. మిసెస్ డాసన్ వేషం వేసేది ఆవిడే. డెబ్బై ఆరేళ్ళు. పోయిన జనవరిలో ఒకనాటి పొద్దున నార్మన్ చక్కెర డబ్బా బొమ్మకి రంగు దిద్దుదామని మూత తీస్తే, లోపల బస్సు టికెట్టు వెనక రాసిన ఒక వాక్యం కనబడింది. వణికిన చేతిరాత. ఆ రోజు సన్నివేశంలో ఆవిడ చెప్పాల్సిన మాట అది. అతను దాన్ని తన బల్ల దగ్గరికి తీసుకెళ్ళి, అదే వాక్యాన్ని పెద్ద అక్షరాలతో శుభ్రంగా రాసి, తిరిగి డబ్బాలో అంటించాడు. ఆ మధ్యాహ్నం కెమెరాలు తిరుగుతుంటే ఆవిడ మూత తీసింది, ఒక్క క్షణం ఆగింది, చక్కెర వేసుకుంటూ మాట చెప్పేసింది. మర్నాడు అతని గీతబల్ల మీద కాగితం రుమాల్లో చుట్టిన రెండు అల్లం బిస్కెట్లు ఉన్నాయి. దాన్ని గురించి ఇద్దరూ ఇంతవరకు ఒక్క మాట అనుకోలేదు. పది నెలలుగా చీటీలు వెళుతున్నాయి, బిస్కెట్లు వస్తున్నాయి.

తొమ్మిదింటికి మ్యూరియల్ వచ్చింది. గుప్పెడంత మనిషి. నడవాలో ఆడవాళ్ళ గది ఎటువైపో రోజూ ఎవరో ఒకరిని అడుగుతుంది. పంతొమ్మిదేళ్ళుగా కలిసి పనిచేస్తున్న సౌండు అతన్ని, చచ్చిపోయిన తన తమ్ముడి పేరుతో పిలుస్తుంది. కానీ సెట్ గడప దాటి లోపలికి అడుగు పెట్టగానే ఆవిడ భుజాలు కిందికి దిగుతాయి. కళ్ళు అటు తిప్పకుండానే చెయ్యి టీ డబ్బా మీదికి పోతుంది. మోకాలితో సొరుగు మూస్తుంది. తలుపు కిందికి గాలి కొట్టకుండా పాములా కుట్టిన గుడ్డచుట్టని కాలితో తోస్తుంది.

దానికో కారణం ఉంది. పంతొమ్మిదేళ్ళ కిందట, ఈ సెట్ ఇంకా కాగితం మీద కూడా లేనప్పుడు, నార్మన్ ఖాళీ స్టూడియోలో నేల మీద సుద్దగీతలు గీసి, మ్యూరియల్‌ని వాటి మధ్య నిలబెట్టాడు. "మీరు వంట చెయ్యండి. నేను చూస్తాను" అన్నాడు. ఆవిడ పడీ పడీ నవ్వింది. తరవాత ఒక మధ్యాహ్నమంతా గాల్లో కూరలు తరిగింది, గాల్లో గిన్నెలు దించింది. ఆవిడ చెయ్యి ఎక్కడికి చాపితే అక్కడ నార్మన్ కొలబద్ద పెట్టి రాసుకున్నాడు. టీ డబ్బా అల్మరా ఆవిడ కంటి ఎత్తుకి బెత్తెడు పైన. సొరుగు ఆవిడ మోకాలికి సరిగ్గా. అప్పటి నిర్మాత వచ్చి, "ఇది ముసలావిడ కొలతా, వంటింటి కొలతా?" అని వెటకారం చేశాడు.

ఆ విద్య అతనికి తండ్రి దగ్గర వచ్చింది. హాలిఫాక్స్‌లో ఆయన ఇళ్ళ సామాన్లు చేరవేసే లారీ నడిపేవాడు. సెలవుల్లో చిన్న నార్మన్ ఆ లారీలో కూర్చుని, ఖాళీ అయిన ఇళ్ళలోకి చివరగా వెళ్ళేవాడు. బీరువా తీసిన చోట వాల్‌పేపర్ కొత్తగా ఉండేది. మంచం పక్కన గోడ మీద చెయ్యి ఆనించి లేచిన మరక ఉండేది. మనుషులు లేని గదిలో కూడా వాళ్ళ ఒడ్డూ పొడుగూ తెలిసిపోయేవి.

తరవాత వాల్‌పేపర్ల కార్ఖానాలో పువ్వులు గీశాడు. నాటకాల తెరలకి ఆకాశాలు వేశాడు. తలుపు వేస్తే సెట్ గోడంతా వణికే రోజుల్లో టెలివిజన్‌లోకి వచ్చాడు. లండన్‌లో మూడు సినిమాలకి పని చేశాడు. ఒకదానికోసం యుగోస్లావియా కొండల్లో నలభై ఇళ్ళ పల్లె కట్టించాడు. మెట్లరాళ్ళు నడిచి నడిచి అరిగినట్టు మధ్యలో ఉలితో చెక్కించాడు. రెండోవారం దాన్ని కెమెరా ముందు తగలబెట్టారు. తెరమీద ఆ పల్లె పద్నాలుగు సెకన్లు ఉంది. తను కట్టిన ఒక జైలుగదికి బహుమానం కూడా వచ్చింది. ఆ రోజు పెట్టుకున్న బో టై ఇప్పటికీ ఏదో సొరుగులో ఉంది.

భార్య గ్లెనిస్ వెళ్ళిపోయి తొమ్మిదేళ్ళయింది. ఆవిడ కోప్పడలేదు. కప్పులు వార్తాపత్రికల్లో చుట్టుకుంటూ, "ఈ ఇంటిని కూడా శుక్రవారం పీకేసే సెట్‌ని చూసినట్టు చూస్తావు నువ్వు" అంది. అతనికి కప్పు చుట్టేటప్పుడు ముందు పిడి చుట్టాలి, లేకపోతే విరుగుతుంది అనిపించింది, అది చెప్పబోయి ఊరుకున్నాడు. అప్పటినుంచి హెడింగ్లీలో రెండు గదుల వాటాలో ఉంటున్నాడు. గోడలకి ఏ రంగుందో ఆ రంగే ఉంచాడు. టిన్ను తెరిచే కత్తి కోసం ప్రతిసారీ మూడు సొరుగులు లాగి చూస్తాడు.

పదకొండు గంటలకి హిలరీ కొత్త కాగితాలు తీసుకుని వచ్చింది. ఆరు నెలల కిందట లండన్ నుంచి వచ్చిన నిర్మాత. ముప్పై ఐదేళ్ళుంటాయి. వేగంగా నడుస్తుంది, మాట్లాడేటప్పుడు మాత్రం నెమ్మది.

"మధ్యాహ్నం సన్నివేశం మారింది. బల్ల దగ్గర కాదు, కిటికీ దగ్గర. మిసెస్ డాసన్ పక్షం రోజులు స్కార్‌బరోలో అక్క దగ్గరికి వెళ్తోంది. కిటికీలోంచి పెరడు చూస్తూ కొడుకుతో మాట్లాడుతుంది. కెమెరా బయటి నుంచి, అద్దం దగ్గరగా" అంది.

నార్మన్ కాగితాలు తిరగేశాడు. ఒకటిన్నర పేజీ. మిసెస్ డాసన్‌కి తొమ్మిది మాటలు. కిటికీ దగ్గర అల్మరా లేదు, డబ్బా లేదు, జగ్గు లేదు. పొద్దున్న పెట్టిన పద్నాలుగు చీటీల్లో ఒక్కటీ పనికిరాదు. అతను మ్యూరియల్ వైపు చూశాడు. ఆవిడ కుర్చీలో కూర్చుని కొత్త కాగితం చదువుతోంది. వేలు మొదటి వాక్యం చివరిదాకా వెళ్ళి, మళ్ళీ మొదటికి వచ్చి, మళ్ళీ చివరిదాకా వెళ్ళింది.

"కిటికీ గట్టు బోసిగా ఉంది" అన్నాడు నార్మన్. "కెమెరా అంత దగ్గరికి వస్తే బావుండదు."

"ఏం పెడదామంటారు?"

"పూలకుండీలు. ఊరెళ్ళే ఆవిడ మొక్కలకి నీళ్ళు పోసి వెళ్తుంది కదా. చేతులకీ పని ఉంటుంది."

హిలరీ అతని మొహంలోకి కాస్త ఎక్కువసేపే చూసింది. "రెండింటికల్లా అయిపోవాలి" అని వెళ్ళిపోయింది.

సామాను గదిలో జెరేనియం కుండీలు ఏడే ఉన్నాయి. మిగిలిన రెండూ ఆల్ఫ్ క్యాంటీన్ కిటికీలోంచి ఎత్తుకొచ్చాడు.

"క్యాంటీన్ ఆవిడ చూసిందా?" అన్నాడు నార్మన్.

"చూసింది. రేపటినుంచి నా చారులో ఏం కలుపుతుందో చూడాలి."

భోజనాల వేళ అందరూ చిరువానలోనే బయటికి వెళ్ళాక, నార్మన్ సెట్ నేల మీద కాళ్ళు చాపుకుని కూర్చున్నాడు. కెమెరాకి కనబడేది కుండీల బయటి వైపు. లోపలి వైపు, అంచు కింద, ఆవిడ వంగితే కళ్ళకి ఆనేచోట ఒక్కో కుండీకి ఒక్కో మాట అంటించాడు. తొందరలో పెన్సిలు కనబడక, బల్ల మీద దొరికిన సిరా కలం వాడాడు. ఎడమ నుంచి కుడికి తొమ్మిది కుండీలు వరస పెట్టి, మ్యూరియల్ ఎత్తుకి మోకాళ్ళు వంచి నిలబడి, తనే ఒకసారి జగ్గు పట్టుకుని నడిచి చూసుకున్నాడు.

ఆవిడ రాగానే, "మ్యూరియల్ గారూ, ఈ చివరనుంచి ఆ చివరకి పోసుకుంటూ వెళ్ళండి" అన్నాడు.

"మొక్కలకి నీళ్ళు పొయ్యడం నాకు నేర్పుతున్నావా నాయనా?" అని నవ్వింది ఆవిడ. కానీ మొదటి కుండీ మీదికి వంగి, రాసింది చూసి, అతని మోచెయ్యి ఒకసారి పట్టుకుని వదిలింది.

దీపాలు వెలిగాయి. నార్మన్ సెట్ గోడ వెనక, రంగు వెయ్యని చెక్కల పక్కన నిలబడ్డాడు. అక్కడినుంచి ఒక సందులో ఆవిడ చెయ్యీ, సగం మొహమూ కనబడతాయి. కొడుకు వేషధారి తలుపు దగ్గర ఉన్నాడు.

మొదటి కుండీ. మొదటి మాట. ఆవిడ గొంతు తొణకలేదు. రెండు, మూడు. నాలుగో కుండీ దగ్గర ఎండిన ఆకొకటి తుంపి, మాట చెప్పి, ఆకుని ఆప్రన్ జేబులో వేసుకుంది. ఎవరూ చెప్పకుండా చేసిన పని అది. నార్మన్ గుప్పిట వదులైంది.

అయిదో కుండీ దగ్గర జగ్గు కాస్త ఎక్కువ వంగింది. నీళ్ళు అంచు దాకా వచ్చి చీటీని తడిపాయి. ఆ సందులోంచి నార్మన్‌కి కనబడుతూనే ఉంది, సిరా చెదిరి, అక్షరాలు నీలంగా కిందికి జారిపోవడం. నలభై ఏళ్ళుగా సిరాలతో బతికినవాడు. ఏ సిరా నీళ్ళకి ఆగుతుందో నిద్దర్లో అడిగినా చెప్పగలవాడు.

ఆవిడ కుండీలోకి చూస్తూ ఉండిపోయింది. స్టూడియోలో నలభై మంది ఉన్నారు. ఎక్కడో ఒక దీపం వేడికి టిక్కుమంది. కొడుకు వేషధారి ఒక అడుగు ముందుకి వేసి ఆగాడు. ఆవిడ జగ్గు కింద పెట్టింది. తడిచెయ్యి ఆప్రన్‌కి తుడుచుకుంది.

"మీ పెద్దమ్మ ఇంట్లో చెంచాలెక్కడుంటాయో నాకు తెలీదురా" అంది.

కాగితాల్లో ఎక్కడా లేని మాట అది.

"ఇక్కడైతే దీపం లేకపోయినా చెయ్యి పోతుంది. అక్కడ అడగాలి. గ్లాసుకీ అడగాలి, గరిటెకీ అడగాలి. అడిగితే వాళ్ళు చెప్తారు, మంచివాళ్ళే. చెప్పాక మళ్ళీ అడుగుతాను. అప్పుడు ఒకళ్ళ మొహాలొకళ్ళు చూసుకుంటారు." కొంచెంసేపు పెరటి వైపు చూసింది. అక్కడ పెరడు లేదు, కెమెరా ఉంది. "పోనీలే. పక్షం రోజులేగా" అని జగ్గు అందుకుని ఆరో కుండీ దగ్గరికి వెళ్ళింది. మిగిలిన నాలుగు మాటలూ వరసగా చెప్పింది.

"అయింది. ఇంకోసారి వద్దు" అని దర్శకుడి గొంతు పైనుంచి వినబడింది. ఎవరూ చప్పట్లు కొట్టలేదు. దీపాలతను ఒకడు నిచ్చెన మీదే కూర్చుని ముక్కు తుడుచుకున్నాడు. దుస్తుల విభాగం నుంచి ఒకావిడ వచ్చి మ్యూరియల్ భుజం మీద చెయ్యి వేసి తీసుకెళ్ళింది.

అందరూ కదిలాక నార్మన్ ముందుకు వచ్చేసరికి, హిలరీ కిటికీ దగ్గర అయిదో కుండీ పట్టుకుని ఉంది. నీలం మరకని చూసి, పక్క కుండీ వంచి చూసి, రెండిటినీ ఎలా ఉన్నవి అలాగే పెట్టింది.

"ఎన్నాళ్ళనుంచి?" అంది.

"జనవరి నుంచి."

"నాకూ అనుమానంగానే ఉంది. ఈ మధ్య ఆవిడ చూపు ఎదుటి మనిషి మీద ఉండట్లేదు, సామాన్ల మీద ఉంటోంది." ఆగింది. "ఆవిడ అన్నకూతురు జోన్ వచ్చి కలిసింది నన్ను. హారోగేట్ దగ్గర ఒక వృద్ధాశ్రమం చూశారట. ఆవిడకి చెప్పకుండానే ఇక్కడి పని ఆపించమని అడిగింది. చెప్తే తట్టుకోలేదని."

నార్మన్ కుండీల వరస వైపు చూశాడు.

"స్కార్‌బరో నుంచి ఎప్పుడొస్తుంది మిసెస్ డాసన్?"

"రాదు" అంది హిలరీ.

మధ్యాహ్నం భోజనం మానేసి, నేల మీద కూర్చుని, తను అందంగా రాసిన తొమ్మిది మాటలు ఏమిటో అతనికి అప్పుడు అర్థమైంది. ఆవిడ ఈ ఇంట్లోంచి వెళ్ళిపోవడానికి కావలసిన మాటలు. ఒక్కటీ తప్పిపోకుండా చూశాడు.

"పొద్దున్నే చెప్పాల్సింది మీరు" అన్నాడు.

"చెప్తే కుండీలు పెట్టేవారా?"

అతను జగ్గు ఎత్తి గట్టు చివర పెట్టాడు. హిలరీ గొంతు సవరించుకుంది. "వచ్చే జనవరి నుంచి ఈ ఇంట్లో కోడలు వంట చేస్తుంది. కొత్త వంటిల్లు కావాలి. మీరే గియ్యాలి నార్మన్."

నార్మన్ కళ్ళు ఆవిడ భుజం మీదుగా గోడ మీదికి వెళ్ళాయి. ఈసారి తిరిగి రావడానికి చాలాసేపు పట్టింది.

"ఆ అమ్మాయిది కుడిచేతి వాటమా, ఎడమచేతి వాటమా?" అని అడిగాడు.

హిలరీకి తెలీదు.

నాలుగుంపావుకి జోన్ కారు తెచ్చింది. నవంబరు వెలుతురు అప్పుడే పలచబడుతోంది. కాలువ మీదినుంచి చలిగాలి వస్తోంది. మ్యూరియల్ పొడుగు కోటు వేసుకుని వెనక సీట్లో కూర్చుని ఉంది. కోటు కిందినుంచి ఆప్రన్ అంచు కనబడుతోంది. నార్మన్ తలుపు దగ్గర వంగాడు.

"గ్యాసు కట్టేశానా?" అంది ఆవిడ.

"నేను కట్టేశాను."

"మొక్కలకి నీళ్ళు పోస్తూ ఉండు. మరీ పోసెయ్యకు. మగాళ్ళు పోస్తే ముంచేస్తారు."

"ముంచను."

"నీకు అన్నం ఎవరు పెడతారు నాయనా?"

"క్యాంటీన్ ఉందిగా."

"అదీ ఒక తిండేనా" అని, అతని ఉన్నికోటు గుండీ ఒకటి విడిపోయి ఉంటే పెట్టింది. ఆవిడ అతన్ని ఎవరనుకుంటోందో తెలీలేదు. కొడుకనుకుందో, వాటాలో దిగినవాడనుకుందో. అతను అడగలేదు. జోన్ ముందు సీట్లోంచి తల తిప్పకుండా, "వెళ్దామా అత్తయ్యా" అంది. కారు గేటు దాటి, వంతెన ఎక్కి, అటు దిగింది. నార్మన్ ఆ గుండీ మీద చెయ్యి పెట్టుకుని కాసేపు అక్కడే నిలబడ్డాడు.

తిరిగి లోపలికి వచ్చేసరికి పెద్ద దీపాలు ఆర్పేశారు. ఆల్ఫ్ క్యాంటీన్ కుండీలు రెండూ చంకన పెట్టుకుని ఎదురొచ్చాడు.

"వెళ్ళిందా?"

"వెళ్ళింది."

ఆల్ఫ్ ఇంకేదో అడగబోయి, అతని మొహం చూసి, "పొద్దున్న కలుద్దాం గురూ" అని వెళ్ళిపోయాడు.

నార్మన్ చీటీలు ఒక్కొక్కటే తీశాడు. చక్కెర డబ్బా, రొట్టెల పెట్టె, పాలజగ్గు. చేతిగుడ్డకున్న గుండుసూది తీసి ఉన్నికోటు అంచుకి గుచ్చుకున్నాడు. కుర్చీ బల్ల కిందికి తోశాడు. పెరటి తలుపు గొళ్ళెం వెయ్యడానికి వెళ్ళినప్పుడు కాలికి ఏదో తగిలింది.

కాళ్ళు తుడుచుకునే పట్టా మీద ఒక బూట్ల జత ఉంది. గోధుమరంగు తోలు, చిన్న సైజు, మడమలు బయటి వైపు అరిగినవి. మ్యూరియల్ సొంత బూట్లు. దుస్తుల గదిలో విప్పాల్సినవి ఇక్కడ విప్పింది. వేషానికి ఇచ్చిన మెత్తటి చెప్పులతోనే కారెక్కి ఉంటుంది. అతను వంగాడు, చెయ్యి చాపాడు, తియ్యకుండానే లేచాడు. గొళ్ళెం వేసి, పనిదీపం ఒక్కటీ ఉంచి, కొలబద్ద జేబులో పెట్టుకుని బయటికి నడిచాడు.

పెరటి గుమ్మం లోపల, తడి ఇంకా ఆరని ఆ రెండు బూట్లూ పక్కపక్కన, బయటినుంచి ఇంటికి వచ్చిన మనిషి విప్పినట్టు, కొసలు వంటింటి వైపు తిరిగి ఉన్నాయి.